పీజీ సీటుకు పర్మిషన్ వేరు.. డిగ్రీకి గుర్తింపు వేరు! డాక్టర్లను కోర్టు మెట్లెక్కిస్తున్న తిరకాసు ఇదే

నీట్ పీజీ కౌన్సెలింగ్ మొదలైందంటే చాలు.. ఎంబీబీఎస్ పూర్తి చేసిన పిల్లల ఇళ్లలో లెక్కలు మొదలవుతాయి. ర్యాంకు ఎంత, ఏ బ్రాంచి వస్తుంది, కన్వీనర్ కోటానా మేనేజ్‌మెంట్ కోటానా, ఫీజు ఎంత, బ్యాంకు లోన్ ఇస్తుందా, లేదంటే ప్లాట్ అమ్మాలా.. ఇవే మాటలు. మైనార్టీ కాలేజీల్లో సీటు కోసం చూసే కుటుంబాల్లోనూ ఇదే కథ. కాలేజీకి పర్మిషన్ ఉందా అని మాత్రం అందరూ అడుగుతారు. ఉందని తెలిస్తే నిశ్చింతగా ఫీజు కట్టేస్తారు. మూడేళ్ల తర్వాత చేతికొచ్చే ఎండీ, ఎంఎస్ డిగ్రీకి గుర్తింపు ఉంటుందా అన్నది ఇంకో ప్రశ్న అని చాలామందికి తెలియదు.

పర్మిషన్, గుర్తింపు.. వినడానికి రెండూ ఒకటే అనిపిస్తాయి. చట్టం దృష్టిలో మాత్రం రెండు వేర్వేరు కాగితాలు. మెడికల్ పీజీ కోర్సుల మీద హైకోర్టులకు, సుప్రీంకోర్టుకు వెళ్లిన ఎన్నో కేసులకు మూలం ఈ రెండు కాగితాల మధ్య ఉన్న ఖాళీయే. కాలేజీ, యూనివర్సిటీ, కౌన్సిల్, కేంద్ర ప్రభుత్వం.. ఈ నలుగురూ ఉత్తరాలు రాసుకుంటూ ఉంటారు. ఆ ఖాళీలో ఇరుక్కునేది మాత్రం డాక్టరే.

10ఏ సెక్షన్ ఒకటి.. 11వ సెక్షన్ ఇంకొకటి

ఈ గొడవ అర్థం కావాలంటే 1956 నాటి ఇండియన్ మెడికల్ కౌన్సిల్ చట్టం దగ్గరికి వెళ్లాలి. ఆ చట్టంలోని 11వ సెక్షన్ ప్రకారం, మన దేశంలోని యూనివర్సిటీలు ఇచ్చే వైద్య డిగ్రీల్లో చట్టం షెడ్యూల్‌లో పేరు ఎక్కినవే గుర్తింపు పొందినవి. ఆ జాబితాలో లేకపోతే యూనివర్సిటీ పట్టా ఇచ్చినా అది లెక్కలోకి రాదు.

1993లో ఈ చట్టాన్ని సవరించి 10ఏ సెక్షన్ చేర్చారు. అప్పటిదాకా చాలా రాష్ట్రాల్లో ముందు కాలేజీ పెట్టేసి, పిల్లల్ని చేర్చుకుని, తర్వాత గుర్తింపు కోసం ఢిల్లీ చుట్టూ తిరిగేవారు. దాన్ని ఆపడానికి తెచ్చిన సెక్షన్ ఇది. కొత్త కాలేజీ పెట్టాలన్నా, ఉన్న కాలేజీలో కొత్త పీజీ కోర్సు పెట్టాలన్నా, సీట్లు పెంచాలన్నా ముందే కేంద్రం అనుమతి తీసుకోవాలి. దీన్నే లెటర్ ఆఫ్ పర్మిషన్, వాడుకలో ఎల్ఓపీ అంటారు. ఈ అనుమతి లేకుండా చేర్చుకున్న విద్యార్థులకు ఇచ్చే డిగ్రీ చెల్లదని 10బీ సెక్షన్ తేల్చి చెప్పింది.

అసలు చిక్కు ఇక్కడే. ఎల్ఓపీ అంటే చేర్చుకోవడానికి అనుమతి, అంతే. డిగ్రీకి గుర్తింపు రావాలంటే మొదటి బ్యాచ్ చివరి ఏడాదికి చేరాలి. అప్పుడు మళ్లీ దరఖాస్తు పెట్టుకోవాలి. ఇన్‌స్పెక్టర్లు వచ్చి ప్రొఫెసర్లు ఎంతమంది, మంచాలు ఎన్ని, రోగులు వస్తున్నారా, ఫైనల్ పరీక్ష ఎలా పెడుతున్నారు అని చూస్తారు. అంతా బాగుందనుకుంటే గెజిట్‌లో నోటిఫికేషన్ వస్తుంది. ఫలానా యూనివర్సిటీ, ఫలానా కాలేజీలో చదివిన వారికి, ఫలానా సంవత్సరం నుంచి ఇచ్చిన డిగ్రీకి గుర్తింపు ఉంటుందని అందులో రాస్తారు.

ఒక ఉదాహరణ చూద్దాం. పాతబస్తీ అమ్మాయి ఒకరు కొత్తగా పర్మిషన్ వచ్చిన కాలేజీలో ఎండీ పీడియాట్రిక్స్ మొదటి బ్యాచ్‌లో చేరిందనుకుందాం. మూడేళ్లు రాత్రి డ్యూటీలు చేసింది, థీసిస్ రాసింది, పరీక్ష పాసైంది. యూనివర్సిటీ పట్టా ఇచ్చింది. కానీ తనిఖీలో ప్రొఫెసర్లు తక్కువ ఉన్నారని గుర్తింపు ఆపేశారు. లోపం కాలేజీది. ప్రొఫెసర్‌ను నియమించే అధికారం ఆ అమ్మాయికి లేదు, లేడని తెలిసినా కాలేజీ మారే వీలు కూడా లేదు. అయినా స్పెషలిస్టు అని బోర్డు పెట్టుకోలేనిది ఆ అమ్మాయే. కాలేజీ మాత్రం మూడు బ్యాచ్‌ల ఫీజు తీసేసుకుంది.

ఇంకో మెలిక ఉంది. ఒకే డిపార్ట్‌మెంట్‌లో కొన్ని సీట్లకు గుర్తింపు ఉండి, తర్వాత పెంచిన సీట్లకు పర్మిషన్ మాత్రమే ఉండొచ్చు. అందరూ ఒకే వార్డులో, ఒకే ప్రొఫెసర్ దగ్గర చదువుతారు. కాగితం మీద మాత్రం వాళ్ల సీట్లు ఒకటి కాదు. అంతేకాదు, పీజీ కోర్సుకు ఇచ్చిన గుర్తింపు గరిష్ఠంగా ఐదేళ్లే, ఆ తర్వాత మళ్లీ రెన్యువల్ చేయించుకోవాలని మెడికల్ కౌన్సిల్ షరతు పెట్టింది. కాలేజీ దరఖాస్తు ఆలస్యం చేస్తే మధ్యలో పాసైన వాళ్ల గతి ఏంటన్నది మళ్లీ ఓ పేచీ.

షెడ్యూల్‌లో కోర్సు పేరుతో పాటు డిగ్రీ ఇచ్చే యూనివర్సిటీ పేరూ ఉంటుంది. అందుకే యూనివర్సిటీ మారితే కాగితం పని మళ్లీ మొదలవుతుంది. రాష్ట్ర విభజన తర్వాత తెలంగాణ కాలేజీలు విజయవాడలోని ఎన్టీఆర్ హెల్త్ యూనివర్సిటీ నుంచి వరంగల్‌లోని కాళోజీ నారాయణరావు హెల్త్ యూనివర్సిటీ కిందికి వచ్చాయి. అదే కాలేజీ, అదే వార్డు, పట్టా మీద పేరు మాత్రం వేరు. ఇలాంటి సమయంలో పాసైన వాళ్లు తమ డిగ్రీ ఏ పేరుతో జాబితాలో ఉందో ఒకసారి చూసుకోవడం మంచిది.

గుర్తింపు లేకపోతే ఆగేది ఏంటి?

ఎంబీబీఎస్ రిజిస్ట్రేషన్ పోదు. మామూలు డాక్టర్‌గా ప్రాక్టీస్ చేసుకోవచ్చు. కానీ రాష్ట్ర మెడికల్ కౌన్సిల్‌లో పీజీని అదనపు అర్హతగా నమోదు చేయించుకోవాలంటే గుర్తింపు ఉండాలి. నమోదు లేకపోతే స్పెషలిస్టు పోస్టుకు, అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టుకు అర్హత రాదు. డీఎం, ఎంసీహెచ్ లాంటి సూపర్ స్పెషాలిటీకి వెళ్లే దారి కూడా మూసుకుపోతుంది. మూడేళ్లు పోయాయి, లోన్ వడ్డీ పెరిగింది, జీతం మాత్రం ఎంబీబీఎస్ డాక్టర్ జీతమే. లెక్క వేసి చూస్తే ఫీజు కంటే ఈ పోయిన సంపాదనే పెద్ద నష్టం. కోర్టు కేసుల్లో దీని గురించి ఎవరూ పెద్దగా మాట్లాడరు.

కేంద్ర యూనివర్సిటీ ఇచ్చినా చెల్లలేదు

పేరున్న సంస్థ అయితే భయం లేదనుకోవడానికి కూడా లేదు. ఇగ్నో సంగతే చూడండి. అది పార్లమెంటు చట్టంతో 1985లో ఏర్పడిన యూనివర్సిటీ. గుండె జబ్బులు పెరుగుతున్నాయి, కార్డియాలజిస్టులు చాలడం లేదన్న ఉద్దేశంతో 2006లో పోస్ట్ గ్రాడ్యుయేట్ డిప్లొమా ఇన్ క్లినికల్ కార్డియాలజీ కోర్సు మొదలుపెట్టింది. ఎంబీబీఎస్ చేసిన వాళ్లకు రెండేళ్ల ఫుల్‌టైమ్ శిక్షణ. పేరున్న గుండె ఆసుపత్రుల్లో నేర్పించారు. ఆపరేషన్లు, స్టెంట్లు కాకుండా గుండె రోగిని చూసి, ఎకో చేసి, మందులతో నడిపించగల డాక్టర్లను తయారుచేయాలన్నది ఆలోచన.

మెడికల్ కౌన్సిల్ ఒప్పుకోలేదు. కోర్సు పెట్టే ముందు తమ చట్టం ప్రకారం అనుమతి తీసుకోలేదు కాబట్టి గుర్తింపు లేదంది. రెండేళ్లు ఐసీయూల్లో పనిచేసి బయటికొచ్చిన డాక్టర్లు ఆ డిప్లొమాను పేరు పక్కన రాసుకోలేని పరిస్థితి. వాళ్లు సంఘంగా ఏర్పడి ఢిల్లీ హైకోర్టుకు వెళ్లారు. ఏళ్లు గడిచాయి. మధ్యలో మెడికల్ కౌన్సిలే రద్దయి దాని స్థానంలో నేషనల్ మెడికల్ కమిషన్, అంటే ఎన్ఎంసీ వచ్చింది. ఈలోపు కోర్సు కూడా ఆగిపోయింది.

యూనివర్సిటీకి డిగ్రీ ఇచ్చే అధికారం ఉండటం ఒకటి, ఆ డిగ్రీని వైద్య వృత్తిలో చెల్లుబాటు చేసే అధికారం ఇంకొకటి. రెండోది మెడికల్ కౌన్సిల్‌ది. వైద్య విద్య ప్రమాణాల విషయంలో కౌన్సిల్ నిబంధనలకు రాష్ట్రాలు, యూనివర్సిటీలు కట్టుబడాల్సిందేనని సుప్రీంకోర్టు 1998లో కర్ణాటక కేసులో, 1999లో ప్రీతి శ్రీవాస్తవ కేసులో చెప్పింది. సూత్రం సరైనదే, ఎవరికి వారు డిగ్రీలు పంచితే రోగుల ప్రాణాలకే ముప్పు. కానీ ప్రభుత్వానికి చెందిన ఒక సంస్థ పెట్టిన కోర్సును ప్రభుత్వానికే చెందిన ఇంకో సంస్థ కాదంటే, ఆ సంగతి చేరేముందు తెలుసుకోవాల్సిన బాధ్యత పాతికేళ్ల ఎంబీబీఎస్ కుర్రాడిదే అనడం ఎంతవరకు న్యాయం?

అక్టోబర్‌లో ఇచ్చారు.. జనవరిలో తీసేశారు

ముంబైలోని కాలేజ్ ఆఫ్ ఫిజీషియన్స్ అండ్ సర్జన్స్ కథ ఇంకా విచిత్రం. సీపీఎస్ అని పిలిచే ఈ సంస్థ 1912లో మొదలైంది. ఇది యూనివర్సిటీ కాదు. ఆసుపత్రుల్లో శిక్షణ ఇప్పించి, తానే పరీక్ష పెట్టి డిప్లొమాలు, ఫెలోషిప్‌లు ఇస్తుంది. ప్రసూతి, పిల్లల వైద్యం, మత్తుమందు, ఎముకలు.. ఇలా చాలా బ్రాంచుల్లో. జిల్లా ఆసుపత్రుల్లో స్పెషలిస్టులు లేక ఇబ్బంది పడే రాష్ట్రాలకు ఈ రెండేళ్ల డిప్లొమాలు బాగా పనికొచ్చాయి. మహారాష్ట్రతో పాటు మరికొన్ని రాష్ట్రాలు తమ ఆసుపత్రుల్లో వీటిని నడిపించాయి.

2017 అక్టోబర్‌లో కేంద్ర ఆరోగ్య శాఖ ఈ సీపీఎస్ కోర్సులకు పెద్ద సంఖ్యలో గుర్తింపు ఇస్తూ గెజిట్ నోటిఫికేషన్ తెచ్చింది. మెడికల్ కౌన్సిల్ అభ్యంతరం చెప్పింది. కొన్ని నెలలకే, 2018 జనవరిలో, కేంద్రం మనసు మార్చుకుంది. ప్రసూతి వైద్యంలో డీజీఓ, పిల్లల వైద్యంలో డీసీహెచ్, పాథాలజీలో డీపీబీ.. ఈ మూడు డిప్లొమాలు మాత్రం ఉంచి మిగతావాటికి గుర్తింపు తీసేసింది.

మొదటి నోటిఫికేషన్ చూసి సీటు తీసుకున్న డాక్టర్ సంగతి ఏం కావాలి? దీని మీద కోర్టుల్లో వాదనలు నడిచాయి. మహారాష్ట్రలో అయితే రాష్ట్ర మెడికల్ కౌన్సిల్ చట్టం షెడ్యూల్‌లో ఈ అర్హతలు ఉండటంతో అక్కడ ఒక లెక్క, కేంద్రం జాబితాలో ఇంకో లెక్క అయింది. ఒక రాష్ట్రంలో స్పెషలిస్టు, సరిహద్దు దాటితే మామూలు ఎంబీబీఎస్. ఆదిలాబాద్, నిజామాబాద్ జిల్లాల వాళ్లకు మహారాష్ట్ర పక్కిల్లే కాబట్టి ఈ తేడా చిన్నదేం కాదు.

డీఎన్‌బీది మరో రకం గొడవ. నేషనల్ బోర్డ్ ఆఫ్ ఎగ్జామినేషన్స్ 1975లో మొదలై 1982లో స్వతంత్ర సంస్థ అయింది. అది ఇచ్చే డీఎన్‌బీకి గుర్తింపు ఎప్పుడూ ఉంది, ఆసుపత్రిలో స్పెషలిస్టుగా పనిచేయడానికి అడ్డులేదు. పేచీ అంతా మెడికల్ కాలేజీలో పాఠాలు చెప్పే ఉద్యోగం దగ్గర. ప్రైవేటు ఆసుపత్రిలో చేసిన డీఎన్‌బీ, మెడికల్ కాలేజీలో చేసిన ఎండీతో సమానమా అని ఏళ్ల తరబడి వాదన నడిచింది. చదివిన ఆసుపత్రిని బట్టి కొందరు అదనంగా ఒక ఏడాది సీనియర్ రెసిడెంట్‌గా చేయాలన్న షరతులూ వచ్చాయి. సమానం అంటూనే ఒక ఏడాది తక్కువ కట్టడం మన దగ్గరే చూస్తాం.

కోర్టులు ఎటువైపు?

చాలామంది కాలేజీ యాజమాన్యాలు ఆడే ఆట ఒకటుంది. పర్మిషన్ రాకపోతే హైకోర్టుకు వెళ్లి మధ్యంతర ఉత్తర్వు తెచ్చుకోవడం, ఆ ఉత్తర్వు మీద అడ్మిషన్లు చేసేయడం, తర్వాత పిల్లల భవిష్యత్తు అంటూ జాలి చూపమనడం. సుప్రీంకోర్టు దీన్ని చాలాసార్లు తప్పుబట్టింది. కౌన్సిల్ నిపుణులు లోపాలు ఉన్నాయని తేల్చాక న్యాయమూర్తులు ఆ తనిఖీ నివేదిక మీద అప్పీలు వింటున్నట్టు కూర్చోకూడదంది.

2016లో భువనేశ్వర్‌లోని కళింగ ఇన్‌స్టిట్యూట్ కేసు ఇందుకు మంచి ఉదాహరణ. అది ఎంబీబీఎస్ సీట్ల పెంపు కేసు అయినా సూత్రం పీజీకీ అదే. హైకోర్టు ఉత్తర్వుతో కాలేజీ అదనంగా 50 మందిని చేర్చుకుంది. సుప్రీంకోర్టు హైకోర్టు తీరును తప్పుబట్టి, కాలేజీకి రూ. 5 కోట్లు ఖర్చుల కింద విధించింది. తర్వాత రెండేళ్లు ఆ అదనపు సీట్లు నింపొద్దంది. అప్పటికే చేరిన విద్యార్థులను మాత్రం చదువు కొనసాగించనిచ్చింది. తప్పు చేసిన వాళ్ల జేబుకు చిల్లు పెట్టి పిల్లల్ని వదిలేసిన తీర్పు ఇది. ఇలాగే అన్ని కేసుల్లోనూ జరుగుతుందని అనుకోకూడదు. మధ్యంతర ఉత్తర్వు మీద చేరిన విద్యార్థులకు సీటు మీద హక్కు లేదని చెప్పిన తీర్పులూ ఉన్నాయి.

ఇక్కడ ఒక తేడా గుర్తుంచుకోవాలి. ఉన్న గుర్తింపును వెనక్కి తీసుకుంటే, ఆ తేదీకి ముందు ఇచ్చిన డిగ్రీలకు ఢోకా ఉండదు. పాత చట్టంలోనే ఈ రక్షణ ఉంది. కాబట్టి ఫలానా కాలేజీ గుర్తింపు రద్దు అనే వాట్సాప్ మెసేజ్ చూసి పదేళ్ల కింద పాసైన వాళ్లు కంగారు పడక్కర్లేదు. అసలు గుర్తింపే రాని బ్యాచ్‌లదే కష్టం.

2022లో తెలంగాణ చూసింది ఇదే

మన రాష్ట్రంలో ఈ దెబ్బ ఎలా ఉంటుందో 2022లో తెలిసింది. ఆ ఏడాది మే నెలలో సంగారెడ్డి, పటాన్‌చెరు, వికారాబాద్ ప్రాంతాల్లోని మూడు ప్రైవేటు మెడికల్ కాలేజీలకు 2021-22 సంవత్సరానికి ఇచ్చిన అనుమతిని ఎన్ఎంసీ వెనక్కి తీసుకుంది. తనిఖీల్లో లోపాలు బయటపడ్డాయన్నది కారణం. ఎంబీబీఎస్‌తో పాటు పీజీ సీట్ల మీదా ప్రభావం పడింది. అప్పటికే కౌన్సెలింగ్ అయిపోయింది, ఫీజులు కట్టేశారు, క్లాసులూ మొదలయ్యాయి. కౌన్సెలింగ్ జాబితాలో పెట్టి సీటు ఇచ్చింది సర్కారు యూనివర్సిటీయే కదా అన్నది తల్లిదండ్రుల ప్రశ్న. ధర్నాలు జరిగాయి, హైకోర్టులో పిటిషన్లు పడ్డాయి. విద్యార్థులను వేరే కాలేజీల్లో సర్దేసరికి నెలలు పట్టింది. పాత కాలేజీకి కట్టిన ఫీజు వెనక్కి రాబట్టుకోవడం ఇంకో పోరాటం.

తనిఖీలు ఎంత నికార్సుగా జరుగుతాయన్న అనుమానం కూడా జనంలో ఊరికే రాలేదు. 2010 ఏప్రిల్‌లో అప్పటి మెడికల్ కౌన్సిల్ అధ్యక్షుడినే సీబీఐ లంచం కేసులో అరెస్టు చేసింది. మరుసటి నెలలో కౌన్సిల్‌నే పక్కన పెట్టి బోర్డు ఆఫ్ గవర్నర్స్‌ను కూర్చోబెట్టారు. 2025లో మళ్లీ మెడికల్ కాలేజీల తనిఖీల్లో ముడుపుల మీద సీబీఐ కేసు పెట్టింది.

ఇప్పుడు మారింది ఏంటి?

2020 సెప్టెంబర్ 25 నుంచి పాత కౌన్సిల్ చట్టం పోయి ఎన్ఎంసీ చట్టం అమల్లోకి వచ్చింది. కొత్త పీజీ కోర్సుకు అనుమతి ఇప్పుడు 28వ సెక్షన్ కింద, యూనివర్సిటీ డిగ్రీకి గుర్తింపు 35వ సెక్షన్ కింద. అంటే రెండు కాగితాలు అలాగే ఉన్నాయి, నంబర్లు మారాయి. అనుమతి రాకపోతే కాలేజీ ముందు కమిషన్‌కు, ఆ తర్వాత కేంద్రానికి అప్పీలు చేసుకోవచ్చు. ఈ అప్పీలు దారులు కాలేజీకి, యూనివర్సిటీకి ఉన్నాయి. విద్యార్థికి మిగిలేది కోర్టే.

పెద్ద మార్పు వచ్చింది 2023 పీజీ మెడికల్ ఎడ్యుకేషన్ నిబంధనలతో. ఒకసారి పీజీ కోర్సుకు, సీట్లకు అనుమతి ఇచ్చాక, అందులో చేరి పాసైన విద్యార్థి డిగ్రీ రిజిస్ట్రేషన్ కోసం ఆ కోర్సును గుర్తింపు ఉన్నట్టే లెక్కించాలని అందులో పెట్టారు. ముప్పై ఏళ్లుగా కోర్టుల్లో నలిగిన ప్రశ్నకు ఒక్క వాక్యంలో జవాబు. ఇది ముందే రాసి ఉంటే ఎంతమంది లాయర్ ఫీజులు మిగిలేవో!

అయినా అన్నీ తీరలేదు. ఈ రక్షణ అనుమతి ఉన్న సీట్లకే. అనుమతి కంటే ఎక్కువ మందిని చేర్చుకుంటే, లేదా యూనివర్సిటీలకు, నేషనల్ బోర్డుకు బయట ఏదో సంస్థ ఫెలోషిప్, డిప్లొమా పేరుతో అమ్మే కోర్సు అయితే ఈ నిబంధన ఆదుకోదు. సిటీలో పెద్ద ఆసుపత్రుల బోర్డుల మీద ఇలాంటి ఫెలోషిప్ పేర్లు చాలా కనిపిస్తాయి. పని నేర్చుకోవడానికి పనికొస్తే రావొచ్చు, కౌన్సిల్ రిజిస్టర్‌లో ఎక్కుతుందా లేదా అన్నది వేరే సంగతి.

గల్ఫ్‌కు వెళ్లాలనుకునే వాళ్లకు ఇది మరీ ముఖ్యం. అక్కడి లైసెన్సింగ్ సంస్థలు డిగ్రీని ఇచ్చిన యూనివర్సిటీ నుంచే నేరుగా వెరిఫై చేయించుకుంటాయి, స్వదేశంలో రిజిస్ట్రేషన్ చూస్తాయి, కౌన్సిల్ నుంచి గుడ్ స్టాండింగ్ సర్టిఫికెట్ అడుగుతాయి. స్వదేశంలో గుర్తింపు ఉన్నా అక్కడ నిలుస్తుందన్న గ్యారెంటీ లేదు. 2019లో సౌదీ ప్రభుత్వం పాకిస్తాన్ యూనివర్సిటీల ఎంఎస్, ఎండీ డిగ్రీలను స్పెషలిస్టు అర్హతగా ఒప్పుకోమంది. శిక్షణ పద్ధతి ప్రకారం లేదన్నది కారణం. ఏళ్ల తరబడి అక్కడ పనిచేస్తున్న డాక్టర్లు ఉద్యోగాలు పోగొట్టుకుని ఇంటిదారి పట్టాల్సి వచ్చింది. అదే దేశంలో వేరే సంస్థ ఇచ్చే ఎఫ్‌సీపీఎస్ ఉన్నవాళ్లకు ఆ బాధ రాలేదు.

ఆప్షన్లు పెట్టేముందు ఎన్ఎంసీ వెబ్‌సైట్‌లో కాలేజీ పేరు కొట్టి చూస్తే కోర్సులు, సీట్ల వివరాలు దొరుకుతాయి. కోర్సు పేరు అక్షరం తేడా లేకుండా ఉందా, మీరు చేరే ఏడాదికి ఎన్ని సీట్లకు అనుమతి ఉంది, ఏ యూనివర్సిటీ పేరు ఉంది.. ఇవి సరిచూసుకోవాలి. కాలేజీ చూపించే కోర్టు ఉత్తర్వు మధ్యంతరమా, తుది తీర్పా అని తెలిసిన లాయర్‌కు ఒకసారి చూపించాలి. చేరాక ఎల్ఓపీ కాపీ, అలాట్‌మెంట్ లెటర్, ప్రతి ఫీజు రసీదు దాచుకోవాలి. రేపు ఫీజు వాపసు అడగాలన్నా, రీలొకేషన్ కోరాలన్నా కోర్టు ముందు అడిగేది వీటినే. పాసైన వెంటనే రాష్ట్ర మెడికల్ కౌన్సిల్‌లో అదనపు అర్హత రిజిస్ట్రేషన్‌కు దరఖాస్తు పెట్టుకోవాలి. అక్కడ అభ్యంతరం వస్తే, ఏ కారణంతో ఆపారో రాతపూర్వకంగా తీసుకోవాలి. ఆ కాగితం చేతిలో ఉంటేనే హైకోర్టులో రిట్ వేయడానికి దారి ఉంటుంది.